సిరాతో లాన్ హువా: మూడో ఆకు దగ్గరే బొమ్మ చెడిపోతోంది. కవిత్వం, సంగీతం అంటారే, అవి చేతికి ఎలా వస్తాయి?

కాకినాడ_కుంచె
చైనా పద్ధతిలో సిరాతో లాన్ హువా వేస్తున్నాను (మన నర్సరీల్లో సింబీడియం అని అమ్మే ఆర్కిడ్ జాతి). మొదటి ఆకు బాగానే వస్తుంది. రెండోది దాన్ని దాటి వెళ్తుంది, అదీ పర్లేదు. మూడోది వేసేసరికి మొత్తం గడ్డిదుబ్బు అయిపోతోంది. ఇంకో బాధ, కుంచె ఆనించిన చోటల్లా సిరా పాకి గొంగళిపురుగుకి మల్లే బొచ్చు లేస్తోంది.

పాఠాలు చెప్పేవాళ్ళని అడిగితే ఒకటే మాట: "చిత్రంలో కవిత్వం ఉండాలి, సంగీతం వినిపించాలి, దావో (లోకం నడిచే తీరు) తెలియాలి." వినడానికి బాగుంది. కుంచె పట్టుకున్నాక మణికట్టు ఎక్కడ ఆపాలి, ఎక్కడ ఎత్తాలి అన్నది మాత్రం ఎవరూ చెప్పరు. ఆ మూడిటికీ ఈ ఆకుకీ నిజంగా సంబంధం ఉంటే పని భాషలో చెప్పండి.

వాడుతున్నవి: చుట్టగా వచ్చిన చైనా కాగితం, సీసా సిరా, మధ్య సైజు మేకవెంట్రుక కుంచె.

సానరాయి
ముందు బొచ్చు సంగతి చూద్దాం. మీది పచ్చి కాగితం. ఈ చైనా కాగితాన్ని షువాన్ అంటారు, అందులో షెంగ్ అంటే పచ్చిది, షూ అంటే ఉడికింది. ఉడికింది అంటే పొయ్యి మీద పెట్టింది కాదు, వజ్రం (వడ్రంగులు వాడే జిగురే), పటిక కలిపిన నీళ్ళు పట్టించింది. ఒక మూల నీటిచుక్క వేసి చూడండి. వెంటనే తాగేసి పాకితే పచ్చిది, చుక్క చుక్కలా నిలబడితే ఉడికింది.

లాన్ హువాకి పచ్చి కాగితమే కావాలి. అందుకని కాగితం మార్చకండి, నీళ్ళు తగ్గించండి. సిరాలో ముంచాక గిన్నె అంచుకి రెండు పక్కలా ఒత్తండి, తర్వాత వెంట్రుకలు కర్రలో దిగే మొదలు దగ్గర టిష్యూ ఒక్క క్షణం ఆనించండి. కొన దగ్గర కాదు, మొదలు దగ్గర. మేకవెంట్రుక పొట్టలో నీళ్ళు దాచుకుంటుంది. కొన ఎంత తుడిచినా, ఆకు నడుములో మీరు ఒత్తగానే ఆ నీళ్ళన్నీ ఒక్కసారి దిగిపోతాయి. మీ గొంగళిపురుగు అదే.

కుంచె కూడా మార్చాలి. ఆకులకి లాంగ్ హావ్ తీసుకోండి. పేరుకి తోడేలు వెంట్రుక, నిజానికి వీజిల్ తోక వెంట్రుక. ఒత్తి ఎత్తితే స్ప్రింగులా తనంతట తను మొనదేలుతుంది. మేకది పూరేకులకి ఉంచుకోండి. కొత్త కుంచెకి వెంట్రుకలు విరిగిపోకుండా గంజి పెట్టి ఉంటుంది, దాన్ని చల్లనీళ్ళలో నానబెట్టే విడదీయాలి. వేడినీళ్ళు పోస్తే లోపలి జిగురు వదిలి కుచ్చు మొత్తం ఊడి చేతికి వస్తుంది.

తాటాకు77
సీసా సిరా కూడా వదిలేయండి. కొన్ని సీసాల్లో రెసిన్ ఉంటుంది, ఎండితే ప్లాస్టిక్ పొరలా మెరుస్తుంది. పలచన చేస్తే బూడిదరంగులు బురదగా వస్తాయి. కొన్నిటిలో అంటు తక్కువ, తర్వాత బొమ్మని వెనక కాగితం అంటించి బిగించేటప్పుడు తడికి సిరా కరిగి పారుతుంది.

బోధన్_పోరడు
తాటాకన్నా, నేర్చుకునేటోళ్ళకు సీసా సిరా చాలు. దినాం యాభై ఆకులు ఏస్తనే చెయ్యి తిరుగుతది. సిరా కడ్డీని సాన మీద అరగదీసుకుంట కూసుంటే ఏసుడెప్పుడు?

సానరాయి
బోధన్ తమ్ముడూ, సాధనకి నీ మాటే సరైనది, పాత న్యూస్‌పేపర్ల మీద సీసా సిరాతో వెయ్యొచ్చు. కానీ మంచి కాగితం తీసిన రోజు కడ్డీ అరగదీయాల్సిందే. ఎందుకంటే ఈ బొమ్మకి రెండు నలుపులు కావాలి, ఆకుకి ముదురు, పువ్వుకి లేత. సీసా సిరాలో లేత నలుపు ప్రాణం లేకుండా ఉంటుంది.

పద్ధతి చెప్తాను. సాన మీద ఆరేడు చుక్కల మంచినీళ్ళు. ఒక్కసారే పోయొద్దు, చిక్కబడ్డాక కొంచెం కొంచెంగా కలుపుకోవాలి. కడ్డీ నిటారుగా పట్టి గంధం తీసినంత నెమ్మదిగా గుండ్రంగా తిప్పాలి, పది పదిహేను నిమిషాలు. గట్టిగా నొక్కి వేగంగా తిప్పితే గరుకు రేణువులు లేచి, గీతలో ఇసుకలా కనబడతాయి. కడ్డీ వెళ్ళిన దారి సిరాలో ఒక క్షణం నిలిచి మూసుకుంటే అయినట్టు. అయ్యాక కడ్డీని సాన మీద వదిలేస్తే అతుక్కుపోతుంది, లాగితే సాన పెచ్చు లేస్తుంది. తుడిచి పక్కన పెట్టండి. ఫ్యాన్ కింద కూర్చోకండి, సిరా పైన మీగడ కట్టేస్తుంది.

కడ్డీల్లో కూడా రెండు రకాలు. దేవదారు కుటుంబానికే చెందిన పైన్ చెట్ల మసితో చేసింది మెరుపు లేకుండా కొంచెం నీలం వైపు ఉంటుంది. టంగ్ నూనె దీపాల మసితో చేసింది వెచ్చగా, నిగనిగలాడుతూ ఉంటుంది. లాన్ హువాకి నూనెమసి కడ్డీ తీసుకోండి.

రమ_సింగపూర్
ఇక్కడికి ఎవరైనా వస్తుంటే బ్రాస్ బసా కాంప్లెక్స్‌లో కాగితం, కడ్డీ, సాన అన్నీ దొరుకుతాయి, తెప్పించుకోండి. కాగితం అడిగేటప్పుడు 'నాలుగు ఛి' (ఛి అంటే వాళ్ళ అడుగు కొలత) అనండి. 69 బై 138 సెంటీమీటర్లు అన్నమాట. దాన్ని పొడవుగా రెండుగా చీల్చుకుంటే లాన్ హువాకి చక్కగా సరిపోతుంది. నున్నగా ఉన్న వైపు ముఖం.

కాకినాడ_కుంచె
సానరాయి గారూ, టిష్యూ మొదలు దగ్గర ఆనిస్తే బొచ్చు సగానికి సగం తగ్గింది! ఇక మూడో ఆకు?

సానరాయి
మొదటి ఆకు పొడవుగా ఒక వంపు. రెండోది పక్క నుంచి బయల్దేరి మొదటిదాన్ని కింది భాగంలో దాటాలి. ఆ రెండిటి మధ్య సన్నగా ఒక ఖాళీ మిగులుతుంది, దానికి ఫీనిక్స్ కన్ను అని పేరు. మూడో ఆకు పని ఆ కన్నుని చీల్చడం. మీరు మూడోదాన్ని కన్ను పక్కనుంచి పోనిస్తున్నారని నా అనుమానం. అందుకే మూడు ఆకులూ చీపురుపుల్లల్లా విచ్చుకుంటున్నాయి. కన్ను లోపలినుంచి, మొదటి రెండూ వెళ్ళని దిక్కుకి, వాటితో సమానం కాని పొడవుతో వెళ్ళనివ్వండి.

మూడిటి మొదళ్ళూ దగ్గర దగ్గరగా ఉండాలి కానీ ఒకే చుక్కలోంచి రాకూడదు. ఒకే చుక్కలోంచి వస్తే విసనకర్ర అవుతుంది. మొదళ్ళ దగ్గర రెండు మూడు పొట్టి ఆకులు వేస్తే దుబ్బు నిలబడుతుంది.

ఇక ఒక్కో ఆకు లోపలి పని. మొదలు మేకు తల, నడుము గొల్లభామ పొట్ట, కొస ఎలుక తోక అని చైనా చిత్రకారులు పాఠంలా అప్పజెబుతారు. అంటే ఒక ఆకులోనే ఒత్తాలి, ఎత్తాలి, మళ్ళీ ఒత్తాలి, జారవిడవాలి. మోచెయ్యి బల్లకి ఆనకూడదు. ఆనితే మణికట్టు ఎంత దూరం తిరుగుతుందో ఆకు అంతే పొడవుంటుంది, అన్ని ఆకులూ ఒకే కొలతలో వస్తాయి.

ఏడుతీగలు
సానరాయి గారు "ఎత్తాలి" అన్నచోటే కాకినాడ గారి అసలు ప్రశ్నకి జవాబు ఉంది. ఆకు మెలిక తిరిగే దగ్గర కుంచె కాగితాన్ని దాదాపు వదిలేస్తుంది. ఒక్కోసారి నిజంగానే వదిలేస్తుంది, గీత తెగుతుంది, మళ్ళీ అందుకుంటుంది. చూసేవాడి కంటికి మాత్రం ఆకు తెగదు. గుచిన్ వాద్యంలో సరిగ్గా ఇదే జరుగుతుంది.

గుచిన్ అంటే ఏడు తీగల వాద్యం, నాలుగడుగుల పొడవుంటుంది, మెట్లు ఉండవు. పక్కన 13 గుర్తులు పొదిగి ఉంటాయి, వాటిని హుయ్ అంటారు. కుడిచేత్తో ఒక్కసారి మీటి, ఆ ఒక్క మీటు మీదే ఎడమ బొటనవేలో ఉంగరం వేలో జారుతూ రెండు మూడు స్వరాలు పోతుంది. మొదటి జారుకి నాదం బాగా ఉంటుంది. రెండోదానికి సన్నబడుతుంది. మూడోదానికి నాదం అయిపోయి వేలు తీగ మీద రాసుకునే చప్పుడొకటే మిగులుతుంది. వేలు మాత్రం ఆగదు, స్వరస్థానం దాకా వెళ్తుంది. వినేవాడు ఆ స్వరాన్ని తన లోపల పూర్తి చేసుకుంటాడు. కొత్తగా నేర్చుకునేవాళ్ళు వినబడటం లేదని మళ్ళీ మీటుతారు. అక్కడితో ఆ పట్టు పోయినట్టే.

మీ మూడో ఆకులో జరిగేదీ అదే అయ్యుండాలి. మెలిక దగ్గర సన్నబడిందని భయపడి మళ్ళీ ఒత్తుతున్నారు, అవునా?

కాకినాడ_కుంచె
అవునండీ! సన్నబడగానే మళ్ళీ ఒక గీత పైన వేస్తున్నాను.

సానరాయి
అస్సలు వెయ్యకండి. పచ్చి కాగితం మీద రెండో గీత వేసినా మొదటిదాని అంచు ఎప్పటికీ చెరగదు, ఎండాక రెండూ విడివిడిగా బయటపడతాయి. సరిదిద్దుకునే వీలు లేదు. పోయిన ఆకుని పోనిచ్చి కొత్త కాగితం తీయండి.

బోధన్_పోరడు
ఏడుతీగలన్నా, గుచిన్ శృతి మన మోహనమే అని ఎవరో అంటే విన్న. నిజమేనా?

ఏడుతీగలు
స్వరాల మటుకు నిజం. మామూలు శృతిలో ఒకటో తీగ నుంచి ఏడో తీగ దాకా ప ధ స రి గ ప ధ. షడ్జం మూడో తీగ మీద ఉంటుంది. కానీ మోహన రాగం అనేయొద్దు. మన గమకం స్వరాన్ని ఊపుతుంది, నాదం నిండుగా ఉండగా. అక్కడి యిన్, నావ్ అనే ఊపులు నాదం ఆరిపోతుండగా దాన్ని సాగదీస్తాయి. స్వరాలు ఒకటే, నడక వేరు.

శృతి చేసేది కూడా చెప్తాను, ఇక్కడ ఎవరో ఒకరికి పనికొస్తుంది. ఏడో హుయ్ తీగకి సరిగ్గా సగం. అయిదూ తొమ్మిదీ మూడో వంతుల దగ్గర, నాలుగూ పదీ పావు వంతుల దగ్గర. అక్కడ వేలు నొక్కకుండా తాకించి మీటితే గంటలాంటి నాదం వస్తుంది. ఒక తీగని తొమ్మిదిలో, ఇంకో తీగని పదిలో తాకించి ఆ రెండు గంటల్నీ కలుపుతారు. ఈ తాకుడు నాదాన్ని ఆకాశం అంటారు, వదులు తీగ నాదాన్ని భూమి అంటారు, నొక్కి జార్చేదాన్ని మనిషి అంటారు. వేదాంతం ఎక్కడుంది అంటే ఇదిగో, వేళ్ళ పేర్లలో ఉంది.

శూన్యవాది
ఆ మాటకొస్తే చిత్రకళలో మొదటి సూత్రమే సంగీతం మాట. ఆరో శతాబ్దంలో షియె హె అనే చిత్ర విమర్శకుడు ఆరు సూత్రాలు చెప్పాడు. మొదటిది "ఛి యున్". ఛి అంటే ప్రాణవాయువు లాంటిది, యున్ అంటే నాదంలోని అనురణనం, పద్యంలోని అంత్యప్రాసకీ అదే మాట. పోలిక కుదరడం ఆయన జాబితాలో మూడోది, రంగులు నాలుగోది.

ఇంకా వెనక్కి పోతే చిత్రకారుడు జోంగ్ బింగ్ (375–443). కొండలన్నీ తిరిగి, ముసలితనంలో కాళ్ళు సాగక ఇంటి గోడల మీద ఆ కొండల్నే గీసుకున్నాడు. ఎందుకు గీశావంటే, గుచిన్ వాయించి ఈ కొండలన్నిటినీ మారుమోగించాలని అన్నాడట. గోడ మీది బొమ్మకి ప్రతిధ్వని! చిత్రం, సంగీతం వేరన్న ఊహే ఆయనకి రాలేదు.

తాటాకు77
చిత్రంలో కవిత్వం అన్న మాట మాత్రం కవి సు షి (1037–1101) ది. ఎనిమిదో శతాబ్దపు కవి, చిత్రకారుడు వాంగ్ వెయ్ పద్యంలో బొమ్మ ఉంది, బొమ్మలో పద్యం ఉంది అన్నాడు. తర్వాత అందరూ దాన్ని పట్టుకుని ప్రతి బొమ్మకీ అంటించేశారు, కాకినాడ గారి చిరాకు న్యాయమే.

ఆటవెలది
అంటించేశారనడం సరికాదు తాటాకు గారూ. వాంగ్ వెయ్ 'లు జాయ్' చూడండి, జింకల ఆవరణ అని అర్థం. మొత్తం ఇరవై అక్షరాలు, అయిదేసి అక్షరాల నాలుగు పాదాలు. ఖాళీ కొండ, మనిషి కనబడడు. మాటల ప్రతిధ్వని మాత్రం వినిపిస్తుంది. తిరిగివచ్చే వెలుగు లోతు అడవిలోకి దిగుతుంది. మళ్ళీ పచ్చని నాచు మీద పడుతుంది. అంతే.

ఎవరు విన్నారు? "నేను" అన్న మాట లేదు. ఆ వెలుగు పొద్దుటిదా సాయంత్రానిదా చెప్పలేదు, మళ్ళీ అన్న మాటలోంచి మనమే తేల్చుకోవాలి. తెలుగులో క్రియకి ప్రత్యయం తగిలించగానే మనిషి వచ్చి కూర్చుంటాడు, విన్నాను అనో విన్నాడు అనో. చైనా భాషలో ఆ స్థానం నిజంగానే ఖాళీ. ఇందాక చెప్పిన తెగిన ఆకు, ఆరిన స్వరం, ఇవీ అదే జాతి.

కవిత్వాన్ని బొమ్మలోకి ఎలా తేకూడదో చెప్పే ఉదాహరణ కూడా ఉంది. హుయ్‌జోంగ్ చక్రవర్తి కాలంలో చిత్రకారులకి పద్యపాదం ఇచ్చి పరీక్ష పెట్టేవారు. ఒకసారి ఇచ్చింది: అడవి ఏరు, దాటేవాడు లేడు, ఒంటరి పడవ రోజంతా అడ్డంగా పడి ఉంది. చాలామంది ఖాళీ పడవ గీసి, దాని మీద పక్షిని వాల్చారు. మొదటి స్థానం వచ్చినవాడు పడవలో సరంగుని గీశాడు, వెనక భాగంలో పడుకుని, పిల్లనగ్రోవితో. మనుషులే లేరని కాదు, దాటేవాళ్ళు లేరని. పద్యాన్ని తిరగరాయలేదు, పద్యం చెప్పకుండా వదిలినదాన్ని గీశాడు.

బోధన్_పోరడు
అబ్బ, ఆ సరంగు మస్తుగుండు. నాకు సుత గసుంటి కొలువు దొరికితే మంచిగుండు.

శూన్యవాది
ఆటవెలది గారు చెప్పిన పద్యంలో మొదటి అక్షరం 'ఖోంగ్', ఖాళీ. బౌద్ధగ్రంథాల చైనా అనువాదాల్లో శూన్యకి అదే అక్షరం. ఇక్కడ మన నేలకి నిజమైన లంకె ఉంది. సాతవాహన రాజుకి మిత్రుడని, కృష్ణాతీరం వాడని సంప్రదాయం చెప్పే ఆచార్య నాగార్జునుడి మధ్యమక కారికల్ని కుమారజీవుడు చాంగాన్ నగరంలో 409లో చైనా భాషలోకి తెచ్చాడు. అంతకు మూడేళ్ళ ముందు, 406లో, విమలకీర్తి సూత్రం. వాంగ్ వెయ్ ఆ విమలకీర్తి పేరునే తన రెండో పేరుగా పెట్టుకున్నాడు. వెయ్ తర్వాత మోజియె కలిపి చదివితే వెయ్‌మోజియె, అంటే విమలకీర్తి. అందుకే సు షి ఆయన్ని మోజియె అంటాడు.

తాటాకు77
లంకె సరే. కానీ "ఖాళీ కొండ" అంటే మనిషి లేని కొండ. ప్రతి ఖాళీలోనూ నాగార్జునుణ్ణి చూస్తే ఆ పద్యంలో నాచు కనబడకుండా పోతుంది.

శూన్యవాది
ఒప్పుకుంటాను. ఆ నాచు ఉండబట్టే పద్యం నిలబడింది. కానీ మోజియె అని పేరు పెట్టుకున్నవాడికి ఆ అక్షరం రాసేటప్పుడు రెండో అర్థం చెవిలో మోగలేదంటే నేను నమ్మను.

ఏడుతీగలు
అదీగాక అందరూ దావో, శూన్యం అంటున్నారు, కాకినాడ గారు వేస్తున్న పువ్వు కన్‌ఫ్యూషియస్‌ది! ఆయనకి ఏ రాజూ కొలువివ్వక తిరిగి వస్తుంటే లోయలో కలుపుమొక్కల మధ్య లాన్ హువా కనబడిందని, బండి ఆపి గుచిన్ తీసి వాయించాడని కథ. అడవిలో మనిషి లేడని లాన్ వాసన మానదు అన్న మాట కూడా ఆయన పేరు మీదే ఉంది.

ఆ లాన్ పేరుతోనే గుచిన్‌కి దొరికిన పాత రాతప్రతి ఒకటుంది, 'యౌ లాన్', అంటే ఏకాంతపు లాన్. చియు మింగ్ (494–590) అనే వాదకుడి పాఠం, తాంగ్ వంశపు రాజుల కాలంనాటి ప్రతి, ఇప్పుడు టోక్యో జాతీయ మ్యూజియంలో ఉంది. అందులో స్వరాల గుర్తులు లేవు. ఫలానా వేలు ఫలానా హుయ్ దగ్గర ఆనించి, ఫలానా తీగ లోపలికి మీటు అని వాక్యాల్లో రాసి ఉంది. తర్వాతి కాలంలో ఆ వాక్యాలనే కుదించి గుర్తులు చేశారు. వాటిలోనూ వేలు, తీగ, చోటు ఉంటాయి, తాళం ఉండదు. ఎంతసేపు ఆగాలో వాదకుడే తేల్చుకోవాలి, దానికి నెలలు పడుతుంది. మీరు మణికట్టు ఎక్కడ ఆపాలి అని అడిగారు కదా కాకినాడ గారూ, వాళ్ళూ అచ్చంగా ఆ భాషలోనే రాసుకున్నారు.

సానరాయి
లాన్ హువా అంటే చిత్రకారుడు జెంగ్ సిషియావ్‌ని తలవకుండా ఎలా! 1279లో సోంగ్ రాజ్యం మంగోలుల చేతిలో పడిపోయింది. ఆ తర్వాత ఆయన లాన్ హువాని మట్టి లేకుండా గీశాడు. మట్టేదని అడిగితే, దాన్ని పరాయివాళ్ళు ఎత్తుకుపోయారు, నీకు తెలీదా అన్నాడట. 1306లో వేసింది ఒసాకా మ్యూజియంలో ఉంది. చిన్న బొమ్మ. ఒకే మొక్క, ఆకులు దాదాపు ఒకదాన్నొకటి దాటవు, రెండు పక్కలకీ చేతులు చాచినట్టు విడిపోయి ఉంటాయి, మధ్యలో ఒక పువ్వు. వేళ్ళు లేవు, నేల లేదు.

పక్కనే ఆయన పద్యం. చివరి రెండు పాదాల భావం: బొమ్మ గీయకముందే ముక్కుపుటాలు విప్పాను, ఆకాశమంతా పాత పరిమళం తేలుతోంది. గీయకముందే! ఆ బొమ్మ చూసి ఎవరికైనా ఫీనిక్స్ కన్ను నియమం గుర్తొచ్చి తప్పు పట్టాలనిపిస్తే, ఆ నియమం ఎందుకుందో ఇంకా తెలియలేదన్నమాట. కన్ను చీల్చేది ఆకుల మధ్య గాలి ఆడటానికి. ఆయన గాలి ఇంకో దారిలో తెచ్చాడు.

పువ్వు సంగతి కూడా చెప్పేస్తాను. అయిదు రేకులు, లేత సిరా, మేకవెంట్రుక. మూడు పైకి, రెండు మధ్యకి ముడుచుకుంటాయి. రేకు వేసేటప్పుడు కొస నుంచి మధ్యకి లాగండి. సగం ఆరాక మధ్యలో చిక్కటి సిరాతో మూడు చుక్కలు, 'షిన్' అన్న అక్షరం రాసినట్టే వాటి వరస. షిన్ అంటే మనసు. తడిగా ఉన్నప్పుడు చుక్క పెడితే పాకి కన్నుకి కాటుక చెరిగినట్టవుతుంది. పూర్తిగా ఆరాక పెడితే ఈగ వాలినట్టుంటుంది.

కాకినాడ_కుంచె
ఇన్నాళ్ళూ ఆ చుక్కలు కేసరాలనుకుని ఎన్ని పడితే అన్ని పెడుతున్నాను. వాటి వెనక అక్షరముందని ఎవరూ చెప్పలేదు.

ఆటవెలది
అక్షరానికీ బొమ్మకీ తేడా చూపించకపోవడమే అక్కడ పద్ధతి. వెదురు "గీశాను" అనరు, "రాశాను" అంటారు. జావ్ మెంగ్‌ఫు (1254–1322) తన బొమ్మ మీదే పద్యంలో చెప్పాడు: రాళ్ళు ఎండుకుంచె రాతలా, చెట్లు పాత ముద్రల లిపిలా, వెదురుకి ఎనిమిది గీతల పద్ధతి తెలియాలి, ఇది తెలిసినవాడికి రాతా బొమ్మా మొదట్నుంచీ ఒకటే. ఆ ఎనిమిది గీతలూ 'యోంగ్' (శాశ్వతం) అనే ఒక్క అక్షరంలో ఉన్నాయి. పిల్లలకి మొదట దాన్నే దిద్దిస్తారు.

రమ_సింగపూర్
బొమ్మ పక్కన తెలుగు పద్యం రాయొచ్చా? నిలువుగా రాస్తే వింతగా ఉంటోంది.

ఆటవెలది
రాయొచ్చు, రాయాలి కూడా! కానీ నిలువుగా అక్షరం కింద అక్షరం పేర్చకండి. మన వత్తులు కిందికి దిగుతాయి, గుడులూ కొమ్ములూ పైకీ పక్కకీ పోతాయి, నిలువు వరసలో ఒకదాన్నొకటి పొడుచుకుంటాయి. అడ్డంగానే, ఒక్కో వరసలో ఒకటి రెండు మాటలు పెట్టి కిందికి దించండి. దూరం నుంచి చూస్తే నిలువు పట్టీలా కనబడుతుంది, దగ్గరికొస్తే చదవడానికి వీలుగా ఉంటుంది. వరసకీ వరసకీ మధ్య ఒక వత్తు ఎత్తు వదలండి.

చోటు ముఖ్యం. పొడవాటి ఆకు కొస ఏ ఖాళీ వైపు చూస్తోందో ఆ ఖాళీని రాతతో నింపొద్దు. ఆకు ఊపిరి అక్కడికే పోతుంది. ఆకు వెన్ను వైపు, కాగితం అంచుకి దగ్గరగా రాయండి. పద్యం కూడా పువ్వుని వర్ణించకూడదు. తెల్లని పువ్వు, పచ్చని ఆకు అని రాస్తే బొమ్మ చూపించిందే మళ్ళీ చెప్పినట్టు. వాసన రాయండి, లోయ రాయండి, గాలి రాయండి.

కుంచెతో మన తలకట్టు కొడుతుంటే ఒత్తి పక్కకి లాగి ఎగరేయాలి చూశారూ, లాన్ పొట్టి ఆకుకి చెయ్యి చేసే పనీ అదే. ఓ వంద తలకట్లు కొట్టి ఆకుల్లోకి దిగండి.

సానరాయి
సంతకం దగ్గర ఎర్రరంగుతో వేసే ముద్ర సంగతి కూడా. ముద్ర సైజు సంతకం అక్షరాల కన్నా పెద్దది కాకూడదు. రెండు వేస్తే పైన పేరు ముద్ర (ఎర్రనేలలో తెల్ల అక్షరం), కింద ఎర్ర అక్షరం ముద్ర, మధ్యలో ఒక ముద్రంత ఖాళీ.

తాటాకు77
అతిగా ముద్రలు వేసినవాడు చియెన్‌లోంగ్ చక్రవర్తి. హువాంగ్ గోంగ్‌వాంగ్ 1350లో ముగించిన ఫుచున్ కొండల చుట్టబొమ్మకి ఒక నకలు ఉంటే, దాన్నే అసలనుకుని యాభైకి పైగా రాతలు రాసి నింపేశాడు. తర్వాత అసలుది వస్తే దాన్నే నకలు అనుకుని పక్కన పెట్టేశాడు, అలా అసలుది బతికిపోయింది. అప్పటికే దానికి ఒక గండం గడిచింది. 1650లో దాని యజమాని చనిపోతూ తనతోపాటు కాల్చేయమంటే, మంటల్లోంచి బంధువు లాగాడు. అప్పుడు తెగిన చిన్న ముక్క హాంగ్‌జోలో ఉంది, పెద్దది తైపేలో. 2011లో రెండిటినీ తైపేలో పక్కపక్కన చూపించారు.

బోధన్_పోరడు
ఆ పొరపాటే అసలు దాన్ని కాపాడిందన్నట్టు!

కాకినాడ_కుంచె
మళ్ళీ వచ్చాను. రెండు రోజుల్లో నలభై కాగితాలయ్యాయి. మూడో ఆకు కన్నుని చీల్చింది. మెలిక దగ్గర కుంచె లేచిపోయింది, గోరంత తెగింది, ముట్టుకోకుండా వదిలేశాను. ఇప్పుడది గాలికి తిరిగినట్టుంది. అక్కడ సిరా సరిగా అంటక నడుమ తెల్ల చారలు కూడా వచ్చాయి, వాటిని చూస్తూ కూర్చున్నాను. కొత్త బాధ: ముద్ర వేశాక ఎరుపు చుట్టూ పసుపు వలయం పడింది.

ఏడుతీగలు
ఆ తెల్ల చారల పేరు ఫెయ్ బాయ్, ఎగిరే తెలుపు. వేలు తీగ మీద రాసుకునే చప్పుడు అని ఇందాక చెప్పింది ఇదే.

సానరాయి
వలయం ఆముదం. ముద్ర రంగు అంటే ఇంగిలీకం, ఎండలో ఏళ్ళ తరబడి మాగబెట్టిన ఆముదం, మన మాచిపత్రి జాతి మొక్క ఆకుల మీది నూగు. వేడికి నూనె పైకి తేలుతుంది, ఇంగిలీకం అడుక్కి దిగుతుంది. కలపకుండా అద్దితే నూనె ముందు ఎక్కుతుంది. ఎముక పుల్లతోగాని వెదురు పుల్లతోగాని ఒకే దిక్కుకి తిప్పుతూ అడుగు నుంచి పైకి మడవండి, ముద్దలా తేలేదాకా. ఇనుప చెంచా వద్దు. ముద్రని రంగులో గుచ్చకండి, పైపైన ఓ ముప్పై నలభై సార్లు తట్టండి. కాగితం కింద నాలుగైదు మెత్తని కాగితాలు పరిచి, నిటారుగా నొక్కి, అంచులు ఒక్కొక్కటిగా అదమండి. పడిన వలయం పోదు. బొమ్మని ఇప్పుడే తడిపి అంటించకండి, కొన్ని వారాలు ఆరనివ్వండి.

బోధన్_పోరడు
సానరాయక్కా, ముద్రల తెలుగు అక్షరాలు చెక్కొచ్చా?

సానరాయి
చెక్కొచ్చు. మెత్తని చింగ్‌తియెన్ రాయి తీసుకో. పేరుని పల్చని కాగితం మీద సిరాతో రాసి, రాయి మీద బోర్లా అద్ది, వెనక నుంచి తడి చేసి గోటితో రుద్దు, అద్దంలో అక్షరం దిగుతుంది. తెల్ల అక్షరంతో మొదలుపెట్టు, గీత మీదే చెక్కుకుంటూ పోవచ్చు. ఎర్ర అక్షరంలో గీత వదిలి చుట్టూ తవ్వాలి, మన సున్నాల గోడ పల్చబడి పెచ్చు లేస్తుంది. తలకట్టు చివర ఉలి జారకుండా బొటనవేలు రాయికి ఆనించి పట్టు.